గోరు మళ్ళీ ఎర్రబడే లోపు

నా కాలి మీద కంకర లారీ చక్రం ఎక్కిందని శంషాబాద్ చాయ్ హోటల్లో చెప్పాను. ఒక్కసారి కాదు, నాలుగుసార్లు. నాలుగోసారికి ఆ లారీకి బ్రేకులు కూడా తీసేశాను. నిజానికి ఏ లారీ లేదు. ఎయిర్‌పోర్టు రోడ్డు మీది ఫంక్షన్ హాల్లో పెళ్ళికి కొత్త బూట్లు తొడుక్కున్నాను. నా సైజు దొరక్కపోతే, మెరుపు చూసి వదల్లేక, ఒక సైజు చిన్నవి తెచ్చుకున్నాను. ఏళ్ళ తరబడి షుగరు జబ్బు తినేసిన కాళ్ళు, నొప్పి తెలియలేదు. ఇంటికొచ్చి విప్పితే మేజోడు తడిగా ఉంది. కుడి బొటనవేలి పక్కన తోలు లేచిపోయింది.

వారమైనా మానలేదు. కోడలు హైవే పక్కన క్లినిక్‌కు తీసుకెళ్ళింది. డాక్టరమ్మ చిన్న వయసు, కోస్తా మనిషి. ముందు నా చేతి గోరు నొక్కి వదిలింది. తెల్లబడ్డ గోరు రెప్పపాటులో ఎర్రబడింది.

"ఇలా రెండు సెకన్లలోపు రంగు తిరిగి రావాలండీ," అంటూ కాలి బొటనవేలు నొక్కింది. వదిలింది. ఒకటి, రెండు, మూడు, నాలుగు... ఐదు దాటాక ఎక్కడో పాలిపోయిన ఎరుపు కనబడింది.

"ఏంది మేడమ్, రక్తం దారిల ఆగి చాయ్ తాగుతుందా?" అన్నాను. ఆమె నవ్వలేదు. అప్పుడు మొదలైంది నాకు భయం.

మందుల చీటీ వెనక బొమ్మ గీసింది. గుండె, దాని నుంచి లావు గొట్టం, అది చీలి, మళ్ళీ చీలి, చివరికి గీత కూడా కనబడనంత సన్నం. "వీటిని కేశనాళికలంటారు తాతగారూ. పేరులో కేశం ఉంది గానీ, వెంట్రుకే వీటికంటే చాలా లావు. గోడ మందం ఒక్క కణం, అంతే. ఎర్రకణాలు ఒకదాని వెనక ఒకటి నడుం వంచుకుని దూరాలి. ప్రాణవాయువు, తిండి ఆ గోడలోంచి బయటికి దిగేదీ, చెత్త లోపలికి ఎక్కేదీ ఇక్కడే. గుండె పడే పాటంతా ఇందుకే."

నేను గులాబీ తోటకు డ్రిప్పు గొట్టాలు వేసి నీళ్ళు పెట్టినవాణ్ణి. "సమజైంది. మోటరు మంచిగున్నా, చివర బొట్టు పడే కాడ ఉప్పు పేరుకుంటే చెట్టు ఎండుతది. యాసిడ్ పెట్టి కడిగితే అయిపాయె."

"మిమ్మల్ని యాసిడ్‌తో కడగలేం కదండీ. షుగరు వల్ల ఆ గోడలు దళసరెక్కాయి. సోమవారం మళ్ళీ నొక్కి చూస్తాను. ఇలాగే ఉంటే సిటీలో పెద్ద ఆసుపత్రికి పంపాలి. వేలు నల్లబడితే తీసేయాల్సి రావచ్చు."

ఆ వారమంతా నాకు వేరే పని లేదు. డాబా మీద కూర్చుని గోరు నొక్కడం, లెక్కపెట్టడం. తలమీదుగా విమానం పోతుంటే పందెం వేసుకునేవాణ్ణి, దాని నీడ డాబా దాటేలోపు గోరు ఎర్రబడితే వేలు నిలిచినట్టని. ఒక్కసారీ గెలవలేదు.

"మామా, ఉరికిచ్చి లెక్కవెడ్తున్నవ్. జర నిమ్మళంగ," అనేది కోడలు. నిమ్మళంగా లెక్కపెడితే ఐదు వస్తుందని ఆమెకు తెలియదా?

శనివారం వేడినీళ్ళ స్నానం కాగానే నొక్కితే మూడే వచ్చింది. నా బుర్రలో దీపం వెలిగింది. సోమవారం పొద్దున కోడలు బయల్దేరే హడావిడిలో ఉండగా, బకెట్లో వేడినీళ్ళు పోసుకుని కాలు ముంచాను. చెయ్యి పెట్టి చూడలేదు. కాలేమో ఏమీ అనలేదు.

డాక్టరమ్మ నొక్కింది. "రెండే! భలే మార్పు తాతగారూ. ఇంక సిటీకి అక్కర్లేదు," అంటూ కలం తీసింది. కోడలు కొంగుతో కళ్ళు ఒత్తుకుంది. నేను గెలిచాను. ఆ కలం చూశాకే అసలు సంగతి తట్టింది. ఇప్పుడు ఈ వేలు నల్లబడితే ఎవరూ చూడరు. నన్ను నమ్మి వదిలేశారు గనక.

"మేడమ్, జర రాయకుండ్రి. పొద్దుగాల వేడినీళ్ళల్ల పెట్టిన."

"నేను పొయ్యి మీదికెల్లి దించిన నీళ్ళా?" కోడలు లేచి నిలబడింది. "అవి పొగలు కక్కుతుండె మామా! తోలు ఊడితే ఏం జేస్తుంటివి?"

డాక్టరమ్మ కాలు పట్టి చూసింది. మడమ పైదాకా, మేజోడు తొడిగినట్టు ఎర్రగా ఉంది. "వేడి తగిలితే ఆ సన్న దారులు ఎవరికైనా తెరుచుకుంటాయండీ. నాకు కావాల్సింది నీళ్ళ సంగతి కాదు, మీ కాలి సంగతి. ఎంతసేపు పెట్టారు?"

"అయిదు నిమిషాలు." కోడలు నావైపు చూసింది. "పది," అన్నాను.

కాలు చల్లారేదాకా గంటసేపు బయట బల్ల మీద కూర్చోబెట్టారు. ఫ్యాను గాలికి కాలి ఎరుపు కొంచెం కొంచెంగా దిగుతుంటే, దానితోపాటు నేనూ దిగిపోతున్నట్టుంది. మళ్ళీ పిలిచి, ఈసారి గడియారం చూస్తూ నొక్కింది.

"నాలుగు," అంది. "పోయిన వారం కన్నా నయం. పుండు అంచు కూడా శుభ్రంగానే ఉంది. అయినా సిటీలో ఒకసారి రక్తనాళాలు చూపించుకుని రండి. బొబ్బ కనబడితే వెంటనే రావాలి."

రేపు వెళుతున్నాం. ఇప్పుడు నొక్కే పని నాదే, లెక్క మాత్రం కోడలిది. ఇవాళ పొద్దున మూడున్నర సెకన్లు అంది. ఇదంతా రాయడానికి కూర్చున్నప్పుడు, ఇక్కడ రెండని రాద్దామనే అనుకున్నాను.