దానంతటదే తిరిగిన చక్రం

మా ఊరు అంగళ్లు నుంచి మదనపల్లె మార్కెట్టుకు అన్న టమోటా బాక్సులు తోలిన కరెంటు బండి, ఆయన పోయాక మా వరండాలో స్టాండు మీదే ఉండిపోయింది. అన్న దాన్ని తడిగుడ్డతో తుడిచేవాడే కానీ ఎన్నడూ నీళ్లు పోయలేదు. ఏడాది తిరిగాక వచ్చిన ఆయుధపూజకు వదిన బిందెలతో నీళ్లు పోసి కడిగి, హ్యాండిలుకంతా పసుపు కుంకుమ పూసింది. చార్జింగు పెట్టి, ఎక్కిందో లేదోనని తాళం తిప్పితే, ఎవరూ యాక్సిలేటర్ ముట్టకుండానే గాల్లో ఉన్న వెనక చక్రం తిరిగింది.

"ఆయప్పే తిప్పతాండాడు" అంది వదిన. ఆనాటి నుంచి రోజూ సాయంత్రం తాళం తిప్పి, దాని పక్కనే కూర్చునేది.

నాకు ఒళ్లు మండింది. బండిలో దయ్యముండదు, తడి ఉంటుంది. అయినా నేను తాళం తిప్పినప్పుడు, చక్రం అచ్చం అన్న తోలినట్టే మెల్లగా మొదలై జోరందుకుంటే, ఒళ్లు జలదరించింది.

తాళం తీసేసి, బ్యాటరీ ఊడదీసి, యాక్సిలేటర్ వైర్ల జాయింటు విప్పాను. లోపల నీళ్లూ కుంకుమ బురదా. తుడిచి, ఎండలో బాగా ఆరబెట్టి, మళ్లీ బిగించి తాళం తిప్పాను. చక్రం కదల్లేదు.

"సూడు వదినా, నీళ్లు దిగినాయి, అంతే" అన్నాను గెలిచినట్టు.

ఆమె చక్రాన్ని చేత్తో ఒకసారి తిప్పి వదిలింది; అది రెండు చుట్లు తిరిగి ఆగిపోయింది.

"ఏల బాగు చేసినావప్పా?" అంది.