తాళ్ళ పిన్ని అనని మాట

పోయిన నెల అమలాపురంలో ఒక కల్యాణమండపంలో మా చినమావయ్య సంస్మరణ సభ పెట్టారు. ఆయన పోయి అప్పటికి ఏడాది. ఆయన తీసిన ఒకే ఒక్క సినిమాను, ఇరవై నిమిషాలది, ఎవరో అభిమాని పాత రీలు శుభ్రం చేయించి తెర మీద వేశాడు. నేను ముందు వరసలో కూర్చున్నాను. మేనకోడల్ని, పైగా కాలేజీలో పాఠాలు చెప్పేదాన్ని, కాబట్టి ప్రధాన వక్తను. సినిమా మధ్యలో ఒకావిడ పీచు రాట్నం పక్కన నిలబడి తాడు పేనుతూ నోరు విప్పింది. ఆ నోట్లోంచి నా గొంతు వచ్చింది. ఇరవై ఏళ్ళప్పటి గొంతు, వక్తృత్వంలో మొదటి బహుమతి కొట్టిన గొంతు, ప్రతి పదానికీ గోరు పెట్టి నొక్కే గొంతు. హాల్లో చప్పట్లు కొట్టారు. నాకు మాత్రం కుర్చీ కింద చోటుంటే బావుండుననిపించింది.

ఇది చెప్పాలంటే మా మావయ్య గురించి కొంచెం చెప్పాలి. మా అమ్మకి ఆఖరి తమ్ముడు. పేరుకి కొబ్బరితోట రైతు, ధ్యాసంతా కథల మీద. వారపత్రికల్లో ఆయన కథ వచ్చిందంటే మా ఇంట్లో ఆడవాళ్ళు ముందు అందులో తామున్నామో లేదో వెతుక్కునేవారు. ఉండేవారు. మా పెద్దమ్మకి జలుబు చేస్తే ఆయన కథలో ఒక ముసలావిడ పోయేది. మా పెద్దమ్మ ఆయనతో ఏడాది మాట్లాడలేదు. అదీ కథగా రాసేశాడు.

అప్పటికి చెకొస్లోవాకియా ఇంకా ఒకే దేశం. అక్కడ ప్రభుత్వం పడిపోయిందని పేపర్లో వరసగా వార్తలు వచ్చిన రోజులు. ఒక ఆదివారం స్లోవాక్ రచయిత ఒకాయన గురించి ఫొటోతో పావు పేజీ వేశారు. ఆయన కథలు రాశాడట, సినిమాలు తీశాడట, ఇప్పుడు రాజకీయాల్లోకి దిగాడట. మావయ్య ఆ ముక్క కత్తిరించి బల్ల అద్దం కింద పెట్టుకున్నాడు. ఆ పేరు పలకడం ఆయనకి జీవితాంతం చేతకాలేదు. ‘మా స్లోవాకాయన’ అనేవాడు, పక్క ఊళ్ళో వియ్యంకుడి సంగతి చెప్పినట్టు. ‘కథలు రాయడమైంది, ఇంకా రెండున్నాయి’ అని భోజనాల దగ్గర అంటుంటే మా అత్తయ్య ఆయన విస్తట్లోకి మారు వడ్డించకుండా గరిటె పట్టుకుని నిలబడిపోయేది. ఇంకా రెండున్నాయన్న మాట ఆవిడకి రెండు పెళ్ళిళ్ళంత భయంగా వినిపించి ఉంటుంది.

తోట కౌలుకిచ్చేసి మద్రాసు నుంచి కెమెరా తెప్పించాడు. ఏం తీయాలన్నది పెద్ద చర్చ. ఓడలరేవు దారిలో మా ఊరు. ఏ వాకిట్లో చూసినా కొబ్బరి డొక్కలు నానబెట్టి, కొట్టి, పీచు తీసి తాళ్ళు పేనే ఆడవాళ్ళే. వాళ్ళ మీద తీద్దామన్నది నేనే. వాదించి ఒప్పించాను. నాకప్పుడు ప్రపంచంలో తెలియనిదల్లా ఒకటే, నోరు మూసుకోవడం.

వాళ్ళలో ఒకావిణ్ణి ఊరంతా తాళ్ళ పిన్ని అనేవారు. నలభై దాటిన మనిషి, కొంచెం బొంగురు గొంతు, మాట్లాడితే సగం నవ్వులోనే పోయేది. మొగుడు లేడు. ఒక్కర్తే కూతురు, మూడో తరగతి. పీచు వ్యాపారం చేసే ఆసామి బండి వారానికోసారి వచ్చి డొక్కలు ఆవిడ వాకిట్లో దింపేది, పేనిన తాళ్ళు పట్టుకుపోయేది. అదే ఆవిడ బతుకు. మావయ్య కెమెరా పక్కన గొంతుక్కూర్చుని, నీ కష్టమేంటో చెప్పు పిన్నీ అన్నాడు. నేను నోటుపుస్తకం పట్టుకుని నిలబడ్డాను. ఆవిడ చెప్పిన నాలుగు ముక్కలూ రాసుకున్నాను. నిజానికి నాకు నిరాశగా అనిపించింది. కష్టం చెప్పమంటే కష్టం తప్ప అన్నీ చెప్పింది.

రీళ్ళు కడిగించడానికి మద్రాసు వెళ్ళాక తెలిసింది, సముద్రపు గాలికి టేపులో మాట ఒక్కటీ నిలవలేదని. హోరు, రాట్నం కిరకిర, అంతే. పిన్నిని మద్రాసు తీసుకొచ్చి చెప్పిద్దామన్నాడు మావయ్య. ఆవిడ మైకు చూస్తే బిగుసుకుపోతుంది, నేను చెబుతానన్నాను. సరేనన్నాడు. చీకటి గదిలో తెర మీద ఆవిడ పెదవులు కదులుతుంటే, అవి మొదలైన చోట మొదలుపెట్టి ఆగిన చోట ఆగాలి. ఏడుసార్లు తప్పింది. ఎనిమిదోసారికి కుదిరింది. కానీ నేను చెప్పింది నోటుపుస్తకంలోది కాదు. రైల్లో వస్తూ నేను తయారుచేసుకున్నది.

‘డొక్కతో పాటు నానేది మా చేతులు. తాడు మాత్రం ఆసామిది. ఈ తాడే ఒకనాటికి ఆయన కాళ్ళకి చుట్టుకుంటాది.’

మావయ్య రీలు వెనక్కి తిప్పించి ఇంకోసారి విన్నాడు. ఆఖరికి, ‘ఇది పిన్ని అన్లేదు కదే’ అన్నాడు. అనవలసిన మాట ఇదేగా అన్నాను. ఆయన రచయిత. మంచి వాక్యం కనబడితే ఆయన నీతి అక్కడే జారిపోయేది. ఉండనియ్యమన్నాడు.

ఆ వాక్యమే ఆయన్ని ఎమ్మెల్యేని చేసిందంటే మా వాళ్ళు ఒప్పుకోరు గాని, అంతే. సినిమాని ఊరూరా తెరకట్టి చూపించారు. ఒక పార్టీ వాళ్ళు ఇంటికొచ్చి టిక్కెట్టు ఇచ్చారు. గోడల నిండా ఆ మాటే రాయించారు. కింద ‘తాళ్ళ పిన్ని’ అని కూడా. ఉపన్యాసాలు రాసింది నేను. గెలిచిన రోజు మావయ్య అద్దం కింద స్లోవాకాయనకి నమస్కారం పెట్టాడు. మా అత్తయ్య మాత్రం, మూడూ అయ్యాయి కదా, ఇంక ఇంటిపట్టున ఉంటారా అని అడిగింది.

పీచు ఆసామి పైకి ఒక్క మాట అనలేదు. అంత మర్యాదస్తుడు. డొక్కల బండి తాళ్ళ పిన్ని వాకిట్లో ఆగడం మానేసింది, అంతే. పక్క ఊరి బళ్ళు కూడా ఆగలేదు. ఒక పొద్దున్న ఆవిడ మావయ్య ఇంటికొచ్చింది. అరుగు మీద అర్జీలు తీసుకుని సర్దే పని నాది. ఆవిడ కాగితమేమీ తేలేదు. పైట చెంగు చేత్తో నలుపుతూ, ‘అమ్మాయిగారూ, ఆ మాట నేనన్లేదండి. మీరక్కడే ఉన్నారు కదండి. ఆసామిగారితో ఒక్క ముక్క చెప్పండి, నేనన్లేదని’ అంది.

నేను చెప్పొచ్చు. లోపలికి వెళ్ళి మావయ్యని పిలవొచ్చు. చుట్టూ ఇరవై మంది జనం ఉన్నారు, పార్టీ వాళ్ళున్నారు. నేను ఏం చేశానంటే, వాదించాను.

‘సినిమాలో కదిలిన నోరు నీదే కదా పిన్నీ. ఊరూరా చూసేరు. నువ్వు కాకపోతే మరెవరన్నట్టు?’

ఎవరో నవ్వారు. ఆవిడ నా కళ్ళలోకి చూడలేదు. నా నోటి వంక చూసింది, అది కదలడం ఆగేదాకా. తర్వాత ‘ఆయ్, అంతేలెండి’ అని మెట్లు దిగిపోయింది. నా జీవితంలో నేను వాదనలో ఓడినవి తక్కువ. గెలిచినవన్నీ మర్చిపోయాను, ఇది తప్ప.

పిన్ని తర్వాత చేపల బుట్ట నెత్తినెత్తుకుందని, కూతురు బడి మానేసిందని విన్నాను. వినడం వరకే. మావయ్య ఒక్కసారే గెలిచాడు, రెండుసార్లు ఓడాడు. మళ్ళీ సినిమా తీయలేదేమని ఆఖరి రోజుల్లో అడిగితే, ‘ఒకళ్ళ నోరు అరువు తెచ్చుకుని తిరిగివ్వలేదు కదే’ అన్నాడు. నేను మంచం మీద దుప్పటి సర్దడానికి లేచాను.

సభ అయ్యాక మండపం మెట్ల మీద ఒకావిడ నాకోసం నిలబడి ఉంది. నా కంటే పదీ పన్నెండేళ్ళు చిన్న. చేతిలో సెల్‌ఫోను. తాళ్ళ పిన్ని కూతుర్నని చెప్పింది. పదకొండేళ్ళు మస్కట్‌లో ఇళ్ళల్లో పనిచేసిందట. తల్లి పోయినప్పుడు అక్కడి వాళ్ళు రానివ్వలేదట.

‘అమ్మ గొంతు విందామని వచ్చేనండి మేడంగారూ. ఫొటో ఉంది గాని గొంతు లేదండి నా దగ్గర’ అంది. రాసుకొచ్చిన చీటీ పట్టుకున్నట్టు ఫోను పట్టుకుని, తడబడుతూ, ‘ఆ మాట అన్నానని ఒప్పుకునేది కాదండి మా అమ్మ. ఆఖరిదాకా, నేనన్లేదే, నేనన్లేదే అనేదండి. భయపడి బొంకుతుందనుకునేవాళ్ళం. నేనే తిట్టేనండి, అన్నదానివి అన్నానని చెప్పుకోవచ్చు కదా అని. అక్కడ మేడం నా మీద చెయ్యి చేసుకున్నప్పుడల్లా ఆ మాటే తల్చుకునేదాన్నండి. మా అమ్మ అంత మాట అన్న మనిషి అని. కానీ ఇందాక విన్నా కదండి. ఆ గొంతు ఎవరిదోనండి’ అంది.

చెప్పకపోయినా ఆవిడ నమ్మేది. పాత రీలు, అప్పటి మైకులు, గొంతు అలాగే మారిపోతుంది అంటే సరిపోయేది. నాలుకకి అలవాటైన దారి అదే. పైగా ఆ మాట మస్కట్‌లో ఆవిడకి ఆసరాగా ఉందట కదా, దాన్ని లాగేయడం పాపం కాదా అని కూడా లోపల ఒక వాదన తయారైంది. నా వాదనలన్నీ అంతే, ఎప్పుడూ ఎదుటివాళ్ళ మేలు కోరే బయల్దేరతాయి. ఈసారి దాన్ని పూర్తి కానివ్వలేదు. గొంతు నాదన్నాను. మాట కూడా నాదేనన్నాను. మీ అమ్మ నా దగ్గరికొచ్చి అడిగితే పదిమందిలో ఆవిణ్ణే అబద్ధాలకోరుని చేశానన్నాను.

ఆవిడ ఏడవలేదు, తిట్టలేదు. తిడితే, బదులు చెప్పడం నాకు చేతనైన విద్య కాబట్టి, కొంచెం తేలిగ్గా ఉండేది. మెట్టు మీద కూర్చుంది. ‘మరి అమ్మ ఏమందండి?’ అని అడిగింది.

నోటుపుస్తకం ఎప్పుడో పోయింది. మాటలు పోలేదు.

‘కష్టమేముందండి, చేతుల పని చేతులు చేసుకుంటాయి. పక్కన మా పిల్ల పద్యం వల్లెవేస్తా ఉంటే మాత్రం తాడు సన్నపడిపోద్దండి, చెయ్యి ఆగిపోయి. ఎక్కడెక్కడ సన్నపడ్డాదో అక్కడల్లా పిల్ల చదివినట్టు. ఆ మూర పాడైపోయినా పర్లేదండి నాకు.’

ఆవిడ ఫోను నా నోటి దగ్గర పెట్టింది. ‘ఇంకోసారి చెప్పండి’ అంది. చెప్పాను. సగంలో ఆపి, ‘అమ్మకి బొంగురండి. ఇంత గట్టిగా అనదండి’ అంది. తగ్గించి మళ్ళీ చెప్పాను. ఆఖర్న ఆవిడ ‘ఆయ్’ అని ఫోను జాకెట్లో పెట్టుకుని, బస్టాండు వైపు నడిచింది. వెళ్ళొస్తానని అనలేదు. అనాలని నేనూ అనుకోలేదు.

మావయ్య బల్ల ఇప్పుడు మా ఇంట్లోనే ఉంది. అద్దం కింద కాగితం వెలిసిపోయి, స్లోవాకాయన మొహంలో కనుబొమలు మాత్రం మిగిలాయి. ఆ ఖాళీని చూస్తూ ఉంటాను. అప్పట్లో మద్రాసు చీకటి గదిలో పిన్ని పెదవులు నా ఎదురుగా ఉన్నప్పుడు, ఆవిడ మాట నా నోటుపుస్తకంలో ఉన్నా బయటికి తీయలేదు. ఇన్నేళ్ళకి ఆవిడ మాట నా నోటికొచ్చేసరికి, ఎక్కడ మొదలుపెట్టాలో ఎక్కడ ఆగాలో చూసుకోవడానికి ఆ పెదవులు నా ఎదురుగా లేవు.