చూడకుండా తీసుకున్న బిళ్ల

మెక్సికో నగరంలో ఆ ఏళ్లలో రాత్రి పొద్దున తొమ్మిదింటికే మొదలయ్యేది. స్టూడియోలో గోదాములాంటి షెడ్డుకి నల్లగుడ్డలు కట్టి, లోపల బల్లలు వేసి, పొగ వదిలి, ఓ మూల బ్యాండువాళ్లని కూర్చోబెడితే అదే క్యాబరే. డెల్ఫీనా సామొరానో ఏడింటికి గెర్రేరో పేటలో బయల్దేరి, రెండు బస్సులు మారి, దారిలో ఆకులో చుట్టి ఉడికించిన మొక్కజొన్న తమాలె ఒకటి తిని, తొమ్మిదికల్లా తళుకుల గౌను తొడుక్కుని మూడో బల్ల దగ్గర కూర్చునేది. ఆమె పని అదే, కూర్చోవడం. నవ్వకండి. క్యాబరేలో కూర్చోవడం అందరికీ చేతకాదు. నటన నేర్చుకుని వచ్చిన పిల్లలైతే మేనత్త ఇంటికి చుట్టపుచూపుగా వచ్చినట్టు మోకాళ్లు దగ్గర పెట్టుకుని, వీపు నిటారుగా పెట్టి కూర్చునేవారు. అందుకే డైరెక్టర్లు డెల్ఫీనాలాంటి వాళ్లని వెతికి పిలిపించుకునేవారు. ఎక్కడ నేర్చుకున్నావని మాత్రం అడిగేవారు కాదు.

అప్పట్లో ఊళ్లో రెండు సినిమాలు ఆడుతుంటే అందులో ఒకటి క్యాబరే సినిమా. పల్లె నుంచి వచ్చిన పిల్ల, నమ్మించి ముంచినవాడు, ఆ పైన డాన్సు హాలు. చేతుల నిండా కుచ్చులు పెట్టుకుని డోళ్ల మోతకి ఆమె ఆడుతుంది, ఆఖర్న ఏడుస్తుంది. తొమ్మిది రీళ్లు ఆమె నడుము చూసిన పెద్దమనుషులు, పదో రీల్లో ఆమెని ఏడిపించగానే తమ పాపం కూడా కడుక్కుపోయినట్టు రుమాళ్లు తీసేవారు. చర్చి తలుపుకి చూడకూడని సినిమాల జాబితా అంటించేవారు. ఆదివారం ఏ హాలుకి వెళ్లాలో తోచనివాళ్లు దాన్ని భక్తిగా చదువుకునేవారు. అయినా ఒక మాట ఒప్పుకోవాలి. హాలు పై అంతస్తులో చవక బెంచీల మీద కూర్చున్న చాకలివాళ్లూ, పనిమనుషులూ, మిల్లు పిల్లలూ తమ బతుకుని అంత పెద్దగా, అంత వెలుగులో చూడడం అదే మొదటిసారి. కథ అబద్ధమే. వాళ్లు ఏడ్చిన ఏడుపు మాత్రం నిజం.

డెల్ఫీనా కూడా మిల్లు పిల్లే. పద్దెనిమిదో ఏట, ఒళ్లో నెలల బిడ్డతో, ఒరిసాబా బట్టల మిల్లు వదిలి రాజధానికి వచ్చింది. బిడ్డ తండ్రి మిల్లులో మేస్త్రీ. వాడికి పెళ్లాం ఉందన్న సంగతి ఈమెకి తప్ప మిల్లు మొత్తానికి తెలుసు. ఆరేళ్లు నలుగురి బట్టలు ఉతికింది. పిల్ల ఒతీలియాని బడిలో వెయ్యాల్సి వచ్చేసరికి ఉతుకుడు కూలి చాలక, పచ్చదీపం అనే డాన్సు హాల్లో చేరింది. పిల్లని పుయెబ్లాలో మఠం వాళ్ల బడిలో ఉంచి, తను కుట్టుపని చేస్తున్నానని ఉత్తరాలు రాసేది. అలా తొమ్మిదేళ్లు.

పచ్చదీపంలో పద్ధతి ఏమిటంటే, వచ్చినవాడు ఆమెకి గ్లాసు ఇప్పిస్తాడు. గ్లాసులో ఉండేది చల్లటి టీ నీళ్లు. వెయిటరు గ్లాసు పక్కన ఒక ఇత్తడి బిళ్ల పెడతాడు. తెల్లారాక బిళ్లలు లెక్కపెట్టి డబ్బిస్తారు కనుక ఆమె కూలి ఆ బిళ్లే. బల్ల మీద వదిలేస్తే వెయిటరే మళ్లీ కొట్టేస్తాడు. కనుక గ్లాసు బల్లకి ఆనగానే చెయ్యి దానంతట అదే వెళ్లి బిళ్ల తీసి మేజోడులో దోపుకోవాలి, కళ్లు మాత్రం మగవాడి ముఖం మీదే ఉండాలి. బిళ్ల వెళ్లిందని చూసి, అలవాటైన బేరగాడు బల్ల మీద రెండు వేళ్లతో రెండుసార్లు తడతాడు. ఇంకో గ్లాసు తెమ్మని దానర్థం.

ఒతీలియా పదిహేనో ఏట బడి ముగించుకుని తల్లి దగ్గరికి వచ్చేసింది. అదే ఏడు డెల్ఫీనా పచ్చదీపం మానేసి, అక్కడి స్నేహితురాలు చోలేతో కలిసి సినిమాల్లో చేరింది. ఎక్స్‌ట్రా అని చెప్పుకోవడంలో ఒక సుఖం ఉంది. ఎలాంటి గౌను వేసుకున్నా, ఎవడి పక్కన కూర్చున్నా, అదంతా వేషమే అనొచ్చు. మూడేళ్లు ఆ మాట గొడుగులా కాపాడింది. ఒతీలియా కాగితాల షాపులో పనిలో కుదిరింది, అక్కడికి వచ్చే లియాంద్రో అనే కుర్రాడికి నచ్చింది. వాడి తండ్రి దోన్ ఫెర్మీన్‌కి మందుల షాపు ఉంది, చర్చిలో ముందు వరసలో కుర్చీ ఉంది. పిల్లనడగడానికి పాదిరీగారిని వెంటబెట్టుకుని ఫలానా ఆదివారం వస్తామని కబురు చేశారు. డెల్ఫీనాకి ఆ ఆదివారం తప్ప లోకంలో ఇంకేమీ అక్కర్లేదు.

ఆ కబురు రావడానికి రెండు నెలల ముందు షూటింగులో ఒకటి జరిగింది. ఆ డైరెక్టరుకి అన్నీ నిజంగా ఉండాలని పిచ్చి. బల్లల మీద నిజమైన ఇత్తడి బిళ్లలు పెట్టించాడు. వెయిటరు వేషం వేసినవాడు గ్లాసు పెట్టాడు, బిళ్ల పెట్టాడు.

"కట్! ఎవరమ్మా, ఆ మూడో బల్ల?"

డెల్ఫీనా లేచి నిలబడింది. "ఏం తప్పు చేశానయ్యా?"

"బిళ్ల ఏదీ?"

బల్ల మీద లేదు. అందరూ బల్ల కింద వెతికారు. డెల్ఫీనా మోకాలి పైన తడుముకుంది. మేజోడులో ఉంది. ఎప్పుడు తీసిందో ఆమెకే తెలీదు.

"చచ్చావే, పో," అంది పక్క బల్ల నుంచి చోలే, పెదాలు కదపకుండా.

డైరెక్టరు మాత్రం పండగ చేసుకున్నాడు. దాన్ని క్లోజప్పులో తియ్యాలన్నాడు. ముందు నటన నేర్చుకున్న పిల్ల చేత చేయించాడు. ఆ పిల్ల బిళ్లని చూసి తీసింది. చోలేని చెయ్యమంటే అది కావాలనే రెండుసార్లు కింద పడేసింది.

"చూడకూడదమ్మా! చేతికి తెలియాలి, మనిషికి తెలియకూడదు," అని డైరెక్టరు డెల్ఫీనా ముందుకొచ్చి నిలబడ్డాడు. "నువ్వు చేసింది నటన కాదు, కళ. ఎవరికి పడితే వాళ్లకి రాదు. నువ్వే చెయ్యి. ముఖంతో సహా తీస్తాను."

భోజనాల వేళ చోలే ఆమెని గౌన్ల గదిలోకి లాక్కెళ్లింది. "చెయ్యి ఒక్కటే తియ్యమను. ముఖం వద్దని చెప్పవే మొద్దూ! పిల్ల పెళ్లీడుకొచ్చింది."

"ఆ చెయ్యి సంగతి ఎవడికి తెలుస్తుందే? తెలిసినవాడు నోరెత్తితే, నీకెలా తెలుసురా అని అడగరూ?"

"మగాణ్ణి ఆ మాట ఎవరు అడిగారే ఇన్నాళ్లూ?"

చోలే చెప్పింది నిజమని డెల్ఫీనాకి తెలుసు. అయినా ఒప్పుకుంది. డబ్బు కోసం కాదు. ముప్పయ్యారేళ్ల బతుకులో ఆమె చేసిన పనిని ఎవరూ బాగుందని అనలేదు. ఉతికిన బట్ట బాగుందని గానీ, పెంచిన పిల్ల బాగుందని గానీ అనలేదు. ఇప్పుడొకాయన, చదువుకున్నవాడు, యాభై మంది ముందు కళ అన్నాడు. ఆ ఒక్క మాటకి మనిషి కరిగిపోయింది. ఆమెని తప్పు పట్టడానికి నాకు నోరు రాదు.

వాళ్లు వస్తామన్నదానికి ముందు ఆదివారం సినిమా విడుదలైంది, లియాంద్రో చెల్లెళ్లు వెళ్దామని పట్టుబట్టారు. తన ముఖం ఈసారి పెద్దగా కనిపిస్తుందని డెల్ఫీనాయే ఒతీలియాతో అంది, ఒతీలియా లియాంద్రోతో అంది. ఏం చేస్తుండగా కనిపిస్తుందో మాత్రం తల్లి చెప్పలేదు. చర్చి తలుపు మీద జాబితాలో ఆ పేరు ఉన్నా, కాబోయే వియ్యపురాలి సినిమా కదా అని దోన్ ఫెర్మీన్ కూడా మ్యాటినీకి బయల్దేరాడు. ఆయన పక్క కుర్చీలోనే డెల్ఫీనా కూర్చుంది.

తెర మీద ఆమె ముఖం గోడంత అయింది. గ్లాసు ఆనింది. చెయ్యి వెళ్లింది, వచ్చింది, కళ్లు కదల్లేదు.  పై బెంచీల్లోంచి ఎవడో ఈల వేసి, "ఒరేయ్, ఈవిడ నిజంగా చేసినావిడేరోయ్!" అని అరిచాడు. జనం గొల్లుమన్నారు. ఆ నవ్వులోనే డెల్ఫీనాకి తన మోచేతి పక్కన ఇంకో చప్పుడు వినిపించింది. కుర్చీ చెక్క మీద రెండు వేళ్లు, రెండుసార్లు.

తల తిప్పింది. దోన్ ఫెర్మీన్ తన చేతివైపే చూసుకుంటున్నాడు, అది వేరే ఎవరిదో అయినట్టు. తర్వాత ఆమెని చూశాడు. తేలు కుట్టిన దొంగల్లా ఇద్దరూ మిగతా సినిమా అంతా కిక్కురుమనకుండా కూర్చున్నారు.

గురువారం దోన్ ఫెర్మీన్ దగ్గర్నుంచి చీటీ వచ్చింది. ఇంట్లో ఆవిడకి ఒంట్లో బాగాలేదు, ఆదివారం రాలేము, మళ్లీ ఎప్పుడో తెలియజేస్తాము. శుక్రవారం మధ్యాహ్నం డెల్ఫీనా తలకి నల్ల శాలువా కప్పుకుని మందుల షాపుకి వెళ్లింది. దోన్ ఫెర్మీన్ ఉన్న ఒక్క బేరాన్నీ పంపించేసి తలుపు దగ్గరగా వేశాడు.

"అమ్మగారికి ఎలా ఉంది?" అంది డెల్ఫీనా.

"అమ్మగారికేం, బాగానే ఉంది. మనం సూటిగా మాట్లాడుకుందాం."

"మాట్లాడుకుందాం. మీరు రెండు వేళ్లతో తట్టారు, దోన్ ఫెర్మీన్ గారూ."

"తట్టాను. కాదనను." ఆయన సీసాలు సర్దుతూనే ఉన్నాడు. "మగవాడు అలాంటి చోటికి వెళ్తాడు, వచ్చేస్తాడు. ఆడది అక్కడ ఉంటుంది. అదీ తేడా."

"నేనూ వచ్చేశాను కదండీ."

"వచ్చేశారు. వచ్చి గోడంత బొమ్మ వేయించుకున్నారు."

 ఈయన గుట్టు రట్టు చెయ్యొచ్చు, అనుకుంది డెల్ఫీనా. కానీ కడుపు చించుకుంటే కాళ్ల మీద పడుతుంది. ఎక్కడ చూశావని అడిగితే తన చోటు కూడా చెప్పాలి.

"పిల్ల మీద నాకేం లేదు," అన్నాడాయన, కాస్త మెత్తబడి. "బంగారంలాంటి పిల్ల. మా ఇంటికి రానివ్వండి. మీరు మాత్రం రావద్దు. పెళ్లికీ వద్దు, ఆ తర్వాతా వద్దు. పాదిరీగారితో నేను మాట్లాడుకుంటాను."

"పురిటికో?"

"పురిటికి మా ఆవిడ ఉంది."

డెల్ఫీనా శాలువా తల మీదికి లాక్కుంది. "సరేనండీ," అంది. తలుపు తనే తీసుకుని వెళ్లిపోయింది.

ఇంటికొచ్చేసరికి ఒతీలియా చొక్కాలు ఇస్త్రీ చేస్తోంది. డెల్ఫీనా మంచం మీద కూర్చుని అంతా చెప్పింది. పచ్చదీపం సంగతి, బిళ్ల సంగతి, ఆయన తట్టిన సంగతి, ఆయన పెట్టిన షరతు. దారి పొడవునా ఎలా చెప్పాలా అని మథనపడిన మాటలన్నీ చెప్పేసింది. ఒతీలియా ఇస్త్రీపెట్టె పక్కన పెట్టింది.

"పచ్చదీపం నాకు తెలుసమ్మా. పదకొండేళ్లప్పుడు సెలవులకొచ్చాను. నువ్వు పొద్దెక్కినా నిద్రపోతున్నావు. నీ మోకాలి పైన గుండ్రటి మచ్చలు వరసగా కనిపించాయి. ఇవేంటని పక్కింటి చాకలావిడని అడిగాను. ఆవిడ చెప్పేసింది."

"మరి నన్నెప్పుడూ అడగలేదేమే?"

"ఏమడగను? నా కోసం చేస్తున్నావని తెలుసు. రోజూ రాత్రి మఠంలో మోకాళ్ల మీద కూర్చుని, మా అమ్మ సంగతి ఇంకెవరికీ తెలియకూడదు తల్లీ అని మొక్కుకునేదాన్ని." ఒతీలియా గొంతు పైకి లేవలేదు, అదే డెల్ఫీనాకి భయమేసింది. "తొమ్మిదేళ్లూ ఎవరికీ తెలియలేదు. ఆ చీకట్లో నువ్వు చేసిందంతా నేను మోశాను. నాకది బరువనిపించలేదు. కానీ ఇది నా కోసం చెయ్యలేదు కదమ్మా. ఇది నీ కోసం చేసుకున్నావు."

డెల్ఫీనా నోరు తెరిచింది. ఆ డైరెక్టరు అన్న మాట చెప్పబోయింది. కళ అన్నాడని. చొక్కాల మధ్య నిలబడ్డ కూతురి ముఖం చూసి ఊరుకుంది. ఒతీలియా అన్నదాంట్లో అబద్ధం ఒక్క ముక్క కూడా లేదు, అందుకే అంత నొప్పి పుట్టింది.

ఆ తర్వాత స్టూడియో నుంచి మూడుసార్లు మనిషి వచ్చాడు. డైరెక్టరు ఈసారి మాటలున్న వేషం ఇస్తానన్నాడట. డెల్ఫీనా వెళ్లలేదు. మళ్లీ బట్టలు ఉతకడం మొదలుపెట్టింది. ఆ సినిమా ఊళ్లో పద్నాలుగు వారాలు ఆడింది.

పెళ్లి మే నెలలో, శనివారం పొద్దున. గుమ్మంలోకి బండి పదింటికి వస్తుందన్నారు. ఒతీలియాకి తెల్లగౌను తొడిగే వంతు డెల్ఫీనాదే, చెయ్యడానికి ఇంకెవరూ లేరు కనుక. వీపు పొడవునా గుడ్డ చుట్టిన చిన్న చిన్న గుండీలు ఉన్నాయి. డెల్ఫీనా వెనక నిలబడి కింది నుంచి ఒక్కొక్కటీ పెడుతోంది. కూతురి మెడ దగ్గర సబ్బు వాసన వేస్తోంది. ఇంత దగ్గరగా మళ్లీ ఎప్పుడు నిలబడతానో అనుకుంది.

"పుయెబ్లా నుంచి వాళ్ల చుట్టాలందరూ వస్తారుగా," అంది. "మీ అమ్మేదీ అని అడుగుతారు. ఏం చెప్తావు?"

ఒతీలియా అద్దంలోకి చూస్తూనే ఉంది. కళ్లనిండా నీళ్లు తిరిగాయి గానీ జారనివ్వలేదు.

"చనిపోయిందని వాళ్లకి లియాంద్రో ఇదివరకే చెప్పేశాడమ్మా. నేను కాదనలేదు."

డెల్ఫీనా వేళ్లు ఆగాయి. బయట బండివాడు గంట కొట్టాడు.

"మంచిదే," అంది డెల్ఫీనా. "కదలకు. ఇంకా ఆరు గుండీలున్నాయి."