స్కానింగ్ గదిలో నా పెళ్లి

మా హైటెక్ సిటీ ఆసుపత్రుల్లో అన్నీ ఉంటాయి. తలుపు తెరవగానే కాఫీ వాసన, గోడ నిండా మొక్కలు, వంగి నమస్కారం పెట్టే అమ్మాయి. లేనిదల్లా కాస్త బుర్ర. ఊరికే నోరు పారేసుకోవడం లేదు. నా గర్భసంచి పోగొట్టుకోబోయి తప్పించుకున్నదాన్ని కాబట్టి అంటున్నాను.

చాలా నెలలుగా నెలసరి వస్తే ఆగేది కాదు. ఆఫీసులో మీటింగ్ అయ్యాక కుర్చీలోంచి లేవాలంటే గుండెల్లో దడ. నల్ల ప్యాంట్లు తప్ప వేరే రంగు వేసుకోవడం మానేశాను. నాలుగు మెట్లెక్కితే ఆయాసం. రక్తపరీక్ష చేయిస్తే, ఇంత తక్కువ రక్తంతో ఎలా తిరుగుతున్నారండీ అని నన్నే అడిగారు. ఫైబ్రాయిడ్లు, అంటే గర్భసంచిలో పెరిగే కండ గడ్డలు ఉండొచ్చు, అల్ట్రాసౌండ్ తీయించమన్నారు. అమ్మా నేనూ తెల్లాపూర్ నుంచి క్యాబ్‌లో హైటెక్ సిటీ ఆసుపత్రికి బయల్దేరాం.

అక్కడ నీళ్లు తాగమన్నారు. మూత్రసంచి నిండితేనే కనిపిస్తుందట. తాగాను, తాగాను, ఇక నడిస్తే ఒలికిపోతానన్నంత వరకూ తాగాను. అప్పుడొచ్చింది నర్సు. వరసగా కూర్చున్న జనం అందరి ముందూ, "మేడం, పెండ్లయిందా?" అంది.

నలభై దగ్గరపడుతున్నదాన్ని. కాలేదన్నాను. ఎగాదిగా చూసి, గదిలోకి తల పెట్టి, "అన్‌మ్యారీడ్ మేడం, పైనుంచే" అని కేకేసింది. అమ్మ హ్యాండ్‌బ్యాగ్ జిప్పు తీసి మళ్లీ వేసింది. ఆ ప్రశ్న ఎక్కడ వినపడ్డా ఆవిడకి అదే పని.

ఆ కేకకి అర్థం తరవాత తెలిసింది. ఈ స్కాన్ రెండు రకాలు. పొట్ట మీద జెల్లీ పూసి పైనుంచి చూడటం ఒకటి, సన్నటి సాధనం యోనిలోంచి లోపలికి పంపి దగ్గరనుంచి చూడటం ఇంకోటి. చాలాసార్లు రెండోదాంట్లోనే గడ్డలు స్పష్టంగా కనిపిస్తాయి. కానీ పెళ్లికానివాళ్లకి అది చెయ్యరు. చేస్తే కొంపలేవో మునిగిపోతాయి కాబోలు. నోరున్న మనిషిని, ఇలా చేస్తాం, మీకు సమ్మతమేనా అని నన్నడగొచ్చు కదా! లోపల లక్షల ఖరీదు చేసే మిషను, దాన్ని నడిపేది మాత్రం పెళ్లిళ్ల పేరయ్య బుద్ధి.

స్కాన్ చేసినావిడ పేగుల్లో గ్యాస్ అడ్డొస్తోందని మొహం చిట్లించింది. గర్భసంచి ఉబ్బింది, గడ్డ ఉన్నట్టుంది, ఎక్కడుందో సరిగ్గా తెలియడం లేదు అని తేల్చింది. ఆ మాటకి నీళ్లు తాగకపోయినా సరిపోయేది.

లేడీ డాక్టరు అది చదివి, ఇంకోసారి చూద్దామని కూడా అనలేదు.

"తీసేయించుకోండమ్మా. ఎలాగూ పెళ్లి కాలేదు, ఈ వయసులో దాన్ని ఉంచుకుని ఏం చేస్తారు?"

మూలనున్న పాత ఫ్రిజ్ తీసేయమన్నంత తేలిగ్గా అంది. అరికాలి మంట నెత్తికెక్కింది. పక్కన అమ్మ గంగిరెద్దులా తలూపుతోంది. బయటికొచ్చాక, అంత పెద్ద డాక్టరు గారు ఊరికే చెబుతారా అని నాకే సర్దిచెప్పింది.

ఆ వారమంతా భయపడ్డాను. పిల్లల కోసం కాదు. అది నా ఒంట్లోది, నాది. సరిగ్గా చూడకుండా తీసేస్తామంటే ఏడుపొచ్చింది. ఫోన్లో కనిపించిందల్లా చదివాను. గడ్డ గర్భసంచి లోపలి ఖాళీలోకి పొడుచుకొస్తే కడుపు కొయ్యకుండా కిందనుంచే తీసేయొచ్చట. అదెక్కడుందో తేలాలంటే దగ్గరనుంచి చూసే స్కానే కావాలి. పెళ్లి కాలేదని చెప్పినందుకే అది చెయ్యలేదని అమ్మకి వివరించాను. చిక్కుడుకాయలకి ఈనెలు తీస్తూ వింది.

మళ్లీ స్కాన్ కోసం అమ్మా నేనూ శేరిలింగంపల్లిలో వేరే సెంటరుకి వెళ్లాం. లిఫ్టులోనే నా వాదన మొత్తం సిద్ధం చేసుకున్నాను. ఇవాళ ఆ ప్రశ్న అడిగినవాళ్ల పని చెప్పాల్సిందే. అక్కడి అమ్మాయి చాలా మర్యాదగా అదే అడిగింది, "అక్కా, పెండ్లయిందా?" అని. నేను నోరు తెరిచాను.

"అయిందమ్మా," అంది అమ్మ. "అల్లుడు గారికి ఆఫీసులో మీటింగు. అందుకే నేనొచ్చాను."

కూరగాయలవాడితో కూడా అబద్ధమాడని మనిషి. ఏ పెళ్లికెళ్లినా నా సంగతి అడిగితే, "చూస్తున్నామండి" అని తల దించుకునే మనిషి. నిక్షేపంగా హ్యాండ్‌బ్యాగ్ ఒళ్లో పెట్టుకుని, ఆ అమ్మాయి కళ్లలోకి చూస్తూ కూర్చుంది.

"మరి లోపల్నుంచి చేస్తం, బాత్రూంకు పొయ్యి రాండ్రి," అంది ఆ అమ్మాయి.

ఈసారి నీళ్లూ అక్కర్లేదు, గ్యాసూ అడ్డు రాలేదు. డాక్టరు తెర నావైపు తిప్పి గుండ్రటి మచ్చ చూపించింది. ఒకటే గడ్డట, చాలావరకు లోపలి ఖాళీలోకే వచ్చిందట. కిందనుంచే తీసేస్తారు, గర్భసంచి తీయక్కర్లేదు అంది. ఆ బల్లమీద పడుకునే ఏడ్చేశాను.

తిరిగొచ్చేటప్పుడు ఫ్లైఓవర్ మీద క్యాబ్ ఆగిపోయింది. అప్పటిదాకా కిటికీలోంచి చూస్తున్న అమ్మ ఉన్నట్టుండి అంది:

"చూడ్డానికి పెళ్లవ్వాలంట. కోసి పారెయ్యడానికి మాత్రం అక్కర్లేదంట. దానికి నేను కూడా తలూపానే."