మూత తీయని కెమెరా

వీధిలో అందరూ ఆమెని ఇప్పటికీ ‘కెమెరా పిల్ల’ అనే పిలుస్తారు. తల సగం నెరిసింది, మోకాళ్ళు పట్టేస్తున్నాయి, అయినా పిల్లే. అమ్మ పోయాక ఆమెని పెంచింది అక్క. అక్కది బట్టలు కుట్టే కొట్టు. కత్తిరింపు బల్ల కింద గుడ్డపీలికల మీద పడుకుని, వచ్చిపోయేవాళ్ళ కాళ్ళు చూస్తూ పెరిగింది కెమెరా పిల్ల. ఆ చూపే తర్వాత ఆమె బతుకుతెరువయింది.

మొదట్లో పెళ్ళి వీడియోలు తీసింది. పెళ్ళికూతుర్ని వదిలేసి కుర్చీలు మోసేవాళ్ళని తీస్తోందని ఎవరూ రెండోసారి పిలవలేదు. దాంతో ఇక వాళ్ళనే తీద్దామనుకుంది. ఆసుపత్రి ఆయాలు, లిఫ్టు నడిపేవాళ్ళు, రైలుపెట్టెలు కడిగేవాళ్ళు, అందరి మీదా డాక్యుమెంటరీలు తీసింది. అవి గ్రంథాలయాల్లో, కాలేజీ గదుల్లో ఆడాయి. చూసినవాళ్ళు మాత్రం మరిచిపోలేదు.

కెమెరాలో కన్ను పెడితే ఎదుటి మనిషి బిగుసుకుపోతాడని ఆమె నమ్మకం. అందుకని కెమెరాని స్టూలు మీద పెట్టి, దాని తెరకి నల్లగుడ్డ అంటించి, మీట నొక్కి, పక్కన కూర్చుని చిక్కుడుకాయలు ఒలుస్తూ కబుర్లలో పడేది. కాసేపటికి అక్కడ కెమెరా ఉందన్న సంగతే అందరూ మరిచిపోయేవారు. ఒక్కోసారి ఆమె కూడా.

ఊరందరినీ తీసింది గానీ అక్కని తీయలేకపోయింది. అడిగినప్పుడల్లా ఒకటే మాట.

“నా మొహం ఎవరు చూస్తారే? పో, పనుంది.”

అక్కకి చూపు మందగించి, ఇక కొట్టు మూసేసే రోజులు దగ్గరపడ్డాయి. చెల్లెలు చెవిలో జోరీగలా పోరగా పోరగా, ఒక మధ్యాహ్నం సరేనంది.

“ఒక్కసారే. మళ్ళీ అడిగావో, కత్తెర విసిరేస్తా!”

ఆ మధ్యాహ్నం మిషను తొక్కుతూ అక్క నోరు విప్పింది.

“బల్ల కింద ఉన్నావో లేవో అని కాలితో తడిమి చూసుకునేదాన్నే. నీ సినిమాలు కూడా అన్నీ చూశాను. వెనక వరసలో కూర్చుని, లైట్లు వేసేలోపే వచ్చేసేదాన్ని. నేనేడవడం చూస్తే అదీ తీస్తావుగా!”

ఇంటికెళ్ళి చూసుకుంటే తెరంతా చీకటి. అక్క గొంతుంది, మిషను చప్పుడుంది, అక్క లేదు. కెమెరా మూత తీయనేలేదు. మళ్ళీ అడగడానికి లేదు మరి.

మర్నాడు కొట్టుకెళ్ళి, గుమ్మంలోనే నిలబడి నీళ్ళు నమిలింది.

“మూత సంగతేనా?” అంది అక్క. “కూర్చున్నప్పుడే చూశాను.”

“చూసి కూడా చెప్పలేదా?”

“సూదిబెజ్జం కనబడదు గానీ అంత నల్లమూత కనబడదటే? మూత ఉందనేగా అంత వాగాను!”

చెల్లెలికి నవ్వొచ్చింది, కళ్ళల్లో నీళ్ళూ వచ్చాయి.

“మొహం అలా వేలాడెయ్యకు. ఇవాళ తియ్యి. కానీ ఒక్క మాట కూడా మాట్లాడను.”

“ఒక్కసారే అన్నావుగా?”

“నిన్నటిది లెక్కలోకి రాదులేవే.”

ఈసారి చెల్లెలు మూత తీసి, నల్లగుడ్డ పీకేసి, కెమెరాలో కన్ను పెట్టి మరీ చూసుకుంది. అక్క బిగుసుకుపోలేదు. దారం మాత్రం చెల్లెలి చేత ఎక్కించుకుని, పెదవి కదపకుండా చిన్న ఎర్రసంచి ఒకటి కుట్టింది. మీట ఆపాక దాన్ని చెల్లెలి మెళ్ళో వేసింది.

“మూత ఇందులో పడెయ్. సంచి ఖాళీగా ఉందంటే మూత కెమెరాకే ఉన్నట్టు.”

మొదటిరోజు మాటలకి రెండోరోజు బొమ్మ కలిపితే సినిమా అయింది. గ్రంథాలయంలో వేసినప్పుడు ఒకాయన లేచి, “మాటనీ మనిషినీ విడదీసి చూపించారు. ఎంత గొప్ప ఆలోచనండీ!” అన్నాడు.

“ఆలోచనా పాడా! మూత తీయడం మర్చిపోయింది!” వెనక వరసలోంచి వినబడింది.

హాలంతా గొల్లుమంది. లైట్లు వెలిగాయి. అక్క కళ్ళు తుడుచుకుంటోంది గానీ, కుర్చీలోంచి లేవలేదు.