తప్పు జవాబంటే భయపడిన మా సార్

మంగళవారం పొద్దున సర్వర్ గదిలో ఉండగా సార్ వాళ్ల కోడలు ఫోన్ చేసింది. "మామ నిద్రలనే పోయిండక్కా. సొంతూరు ఖిల్లా ఘణపూర్‌కు తీసుకపోతున్నం" అంది.  

మాది గద్వాలలో మగ్గాల ఇల్లు. వనపర్తిలోని ఒక ప్రైవేటు దవాఖానలో తొమ్మిదేళ్లు సార్ కింద పనిచేశాను. గద్వాలలో, నాగర్‌కర్నూల్‌లో మా దవాఖానకు శాఖలున్నాయి. మూడుచోట్ల కంప్యూటర్లూ కలిసి నడిచేలా చూడటం సార్ పని. అంతకుముందు ఆయన టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో చేశారు. ఏదైనా అడిగితే ముందు మన ప్రశ్నను మనకే తిరిగి చెప్పేవారు, "నువ్వడిగింది గిదే కదా?" అని. కొత్తలో విసుగొచ్చేది. మధ్యాహ్నం రొట్టె తింటున్నా సర్వర్ గది తలుపు తెరిచే ఉంచేవారు. ఫ్యాన్ల చప్పుడు మారితే నమలడం ఆపేసేవారు.

రెండేళ్ల కిందట రక్తం నిల్వల లెక్క చూపే సాఫ్ట్‌వేర్‌ను క్లౌడ్‌లోకి మార్చాలని యాజమాన్యం అంది. అంటే మా గదిలోని సర్వర్ మీద కాక, ఎక్కడో దూరాన అద్దెకు తీసుకున్న సర్వర్ మీద అది నడుస్తుంది. ల్యాబ్ పరికరాలు, రోగుల రికార్డులు మాత్రం మా దగ్గరే ఉంటాయి. కంప్యూటర్లకు తెలిసేది అంకెల చిరునామాలే. పేరు అడిగితే చిరునామా చెప్పేది డీఎన్ఎస్. మా దగ్గర ఒకటి, క్లౌడ్‌లో ఒకటి ఉన్నాయి. మావాటి పేర్లు క్లౌడ్‌లోది మా డీఎన్ఎస్‌ను అడగాలి, క్లౌడ్‌వాటి పేర్లు మాది దాన్ని అడగాలి. ఈ రెండింటికీ మాట కలపడానికే మాకు నెల పట్టింది.

ఆ నెలలో ఒకరోజు ఆ అమరికను పరీక్షించడానికి గద్వాల వెళ్లాను. కాన్పుల వార్డు కంప్యూటర్‌లో రక్తం సాఫ్ట్‌వేర్ పేరు దొరకడం లేదు. డాక్టరమ్మ కేకలేస్తున్నారు. ఆ ఒక్క కంప్యూటర్‌లో పేరు పక్కన మా గదిలోని పాత సర్వర్ చిరునామాను చేత్తో రాసేశాను. అలా రాస్తే అది ఇక డీఎన్ఎస్‌ను అడగదు. సార్ ఎప్పుడూ వద్దనే పని అది. రేపు తీసేద్దామనుకుని మరిచిపోయాను.

మార్పు చేసిన రోజు పొద్దున అంతా సాఫీగా జరిగింది. అదే పేరు అడిగితే ఇప్పుడు క్లౌడ్ చిరునామా వస్తోంది. ఏదైనా తేడా వస్తే వెనక్కి పోవచ్చని సార్ పాత సర్వర్‌ను ఆపకుండా ఉంచారు. దాంట్లో లెక్కలు మాత్రం మార్పు దగ్గరే ఆగిపోయాయి.

పన్నెండు కావస్తుండగా గద్వాల నుంచి నర్సు ఫోన్. సార్ స్పీకర్ పెట్టారు.

"సార్, ఓ నెగెటివ్ రెండు సంచులున్నయని మా వార్డు కంప్యూటర్ చూపిస్తుంది. కింద కౌంటర్ల లేవంటున్నరు. ఏది నమ్మాలె?"

"రెండూ నమ్మకు. ఫ్రిజ్ తెరిచి చూడు. ఫోన్ పెట్టకు."

ఆమె చెప్పుల చప్పుడు, తలుపు చప్పుడు వినిపించాయి. 

"లేవు సార్. పొద్దున యాక్సిడెంట్ కేసుకు ఇచ్చిండ్రంట. సార్, అలంపూర్ దిక్కు నుంచొచ్చిన ఆమెను కాన్పు ఆపరేషన్‌కు తీసుకుంటున్నరు. రక్తం ఉందనే తీసుకుంటున్నరు."

"ఉరుకు. ముందు డాక్టరమ్మకు చెప్పు."

సార్ ఇంకో ఫోన్ అందుకుని మా బ్లడ్ బ్యాంకుకు చేశారు. రెండు నిమిషాల్లో ల్యాబ్ టెక్నీషియన్ రక్తం సంచులున్న ఐసు డబ్బా పట్టుకుని కారులో గద్వాల బయలుదేరాడు. గంటకు పైగా పట్టే దారి.

అప్పుడు సార్ నా వైపు తిరిగారు. "ఆ కంప్యూటర్ల ఎవరన్న చేత్తో రాసిండ్రా?"

"తెల్వదు సార్" అన్నాను.

ఎందుకన్నానో ఇప్పటికీ చెప్పలేను. సార్ నా మాట నమ్మి, తప్పు తన అమరికలో ఉందనుకుని వెతకడం మొదలుపెట్టారు. వరుస వరుసా చదువుతున్నారు. నుదుటి మీద చెమట కారుతోంది. లేని తప్పును ఆయన వెతుకుతుంటే పక్కనే నిలబడి చూశాను. చివరికి నాగర్‌కర్నూల్‌లో కూడా ఏ స్క్రీనూ నమ్మొద్దని చెప్పడానికి ఫోన్ ఎత్తారు.

"సార్, నేనే రాసిన" అన్నాను.

ఫోన్ కింద పెట్టారు. "నువ్వే రాసినవా?" ఆ మాటనూ నాకే తిరిగి చెప్పారు.

"అవును సార్."

"ఎన్నింట్ల?"

"అదొక్కదాంట్లనే."

"ఖాయమేనా? జర ఆలోచించి చెప్పు."

"ఖాయం సార్."

"తీసెయ్ మరి. ఏడ్చుడు తర్వాత."

ఇక్కడి నుంచే గద్వాల కంప్యూటర్‌లోకి వెళ్లి ఆ వరుస చెరిపేశాను. రెండుసార్లు పాస్‌వర్డ్ తప్పు కొట్టాను. సార్ లేచి పాత సర్వర్‌ను ఆపేశారు.

ఇక మిగిలింది ఎదురుచూడటమే. గద్వాలలో డాక్టరమ్మ ఆపరేషన్‌ను ఆపగలిగినంతసేపు ఆపారు. రక్తం చేరిందన్న కబురు వచ్చేదాకా సార్ కూర్చోలేదు. తల్లీ బిడ్డా బాగున్నారని సాయంత్రం తెలిసింది.

మర్నాడు సార్ నివేదిక రాశారు. చేత్తో చిరునామా రాసి చెప్పకపోవడం నా తప్పు, పాత సర్వర్‌ను జవాబులిస్తూ ఉండనివ్వడం తన తప్పు. రెండు పేర్లూ ఉన్నాయి. నా పేరు దగ్గర నా చూపు ఆగడం గమనించి అన్నారు: "నీ పేరు తీసేస్తే ఇంకొకరు గిట్లనే చేస్తరు బిడ్డా. జవాబు రాకుంటే మనిషి ఇంకొకర్ని అడుగుతడు. తప్పు జవాబొస్తే అడుగుడు ఆపేస్తడు. నాకు దాంతోనే భయం."

తర్వాత, "పోయి ఆ తల్లిని చూసి రా" అన్నారు. గద్వాల వెళ్లాను. ఆమెకు నేనెవరో తెలియదు. "కంప్యూటర్లు చూస్తనమ్మా" అన్నాను. "నిలవడే ఉన్నవేంది, కూసో" అని జరిగి మంచం మీద చోటిచ్చింది. సార్ చేసిన ఉపకారాల్లో నేను ఎక్కువ గుర్తుంచుకునేది ఆ ప్రయాణమే. మళ్లీ ఆయనతో అబద్ధం చెప్పలేదు.

మంగళవారం మధ్యాహ్నం ఖిల్లా ఘణపూర్‌లో పాడె లేచింది. ముందు డప్పులు, వెనక మేం. ఊరు దాటాక, దారి సన్నబడిన చోట వెనక నుంచి అంబులెన్స్ వచ్చింది. డప్పులు ఒక్కసారిగా ఆగాయి.  ముందు పట్టిన కొడుకు వెనక్కి ఒకసారి చూసి, పాడెతో సహా పక్కనున్న వేరుశనగ చేనులోకి దిగాడు. మిగతా ముగ్గురూ దిగారు. మేమందరం దిగాం. చీలమండల దాకా మెత్తటి మట్టిలో, పాడె భుజాల మీదే ఉంచుకుని, అంబులెన్స్ దాటిపోయేదాకా నిలబడ్డాం.