రిడ్లీ వంట, మావిస్ మడి

మా కోల్డ్‌రిగ్ ఊరి మగవాళ్ళకి ఉన్న పిచ్చి ఒకటే, లీకులు. ఉల్లికి పెద్దన్నలా ఉండే ఈ కూరని మిగతా దేశమంతా కొనుక్కొచ్చి, తరిగి, సూపులో వేసుకుంటుంది. ఇంగ్లండుకి ఉత్తరపు కొసన మా నార్తంబర్లాండ్ బొగ్గుగని ఊళ్ళలో మాత్రం దాన్ని మనిషి పిక్కంత లావు పెంచి, స్నానం చేయించి, క్లబ్బులో నల్లగుడ్డ మీద పడుకోబెట్టి, టేపుతో కొలిచి, ఎవరిది పెద్దదని ఏడాది పొడుగునా వాదించుకుంటారు. పెళ్ళాం పుట్టినరోజు గుర్తుండని పెద్దమనిషికి లీకు విత్తనం వేసిన తేదీ మాత్రం నాలుక చివరే ఉంటుంది. ఆ సంగతి తలుచుకుంటే నాకు ఒళ్ళు మండుతుంది.

రిడ్లీ ఫెన్విక్ ఆ బాపతువాడే. గని మూతపడ్డ ఏడాది తోటివాళ్ళు కొందరు సీసా పట్టుకుంటే అతను పార పట్టుకున్నాడు. అప్పట్నుంచీ ఇంటి వెనక మడిలో లీకులు తప్ప మరో మొక్క మొలిచింది లేదు. క్లబ్బు గోడకి ఒక చెక్కపలక ఉంది. ఏటా పోటీలో మొదటి స్థానం కొట్టినవాడి పేరు దానిమీద బంగారు రంగుతో రాస్తారు. అందులో రిడ్లీ తండ్రి పేరు రెండుచోట్ల ఉంది. రిడ్లీ పేరు ఎక్కడా లేదు. ఒకసారి రెండోవాడయ్యాడు, చాలాసార్లు మూడోవాడయ్యాడు, మిగతా ఏళ్ళలో లీకులు పోటీకి ముందే పగిలిపోయాయి. అందుకే క్లబ్బుకెళ్ళినప్పుడు ఆ పలకకి వీపు పెట్టి కూర్చునేవాడు.

అతని భార్య మావిస్ బడి వంటశాలలో పనిచేసి రిటైరైన మనిషి. ఊళ్ళో సగంమంది ఆమె వడ్డించింది తిని పెరిగినవాళ్ళే. ఆమె మడి జోలికి ఎన్నడూ వెళ్ళలేదు, రిడ్లీ పొయ్యి జోలికి రాలేదు. కాపురం మొదట్లో ఎవరో గీత గీసినట్టు అలా జరిగిపోయింది.

ఈ ఏడాది లీకు మొక్కల్ని మడిలోకి మార్చే వేళకి రిడ్లీ ఊపిరితిత్తులు మొరాయించాయి. గనిలో మింగిన దుమ్ము ఊరికే పోతుందా. వంగకూడదు, బరువెత్తకూడదు అన్నాడు డాక్టరు. వచ్చే చలికాలం గురించి మావిస్‌ని పక్కకి పిలిచి మరికొంత చెప్పాడు. ఆ మాట ఆమె ఇంట్లో ఎత్తలేదు. పలక మీద మొగుడి పేరు పడాలంటే ఈ ఏడే పడాలని మాత్రం ఆ రోజే ఆమెకి అర్థమైపోయింది. మర్నాడు పొద్దున్నే రిడ్లీ బూట్లు తొడుక్కుని, పార తీసుకుని మడిలోకి దిగింది.

రిడ్లీని వంటింటి కిటికీ దగ్గర కుర్చీలో కూర్చోబెట్టింది. అతను అక్కణ్ణుంచి కేకలేసి చెప్పడం, ఆమె చెయ్యడం. రెండు రోజులు పోయేసరికి అతను మొహం వేలాడేశాడు.

"ఇక్కడ బొమ్మలా కూర్చుని నేనేం చెయ్యాలి?"

"పని కావాలా? ఇదిగో." మావిస్ క్యారెట్ల సంచీ, చాకూ తెచ్చి అతని ఒళ్ళో పడేసింది. "గురువారం సాసేజీల కూర ఇకనించి నువ్వే వండు."

"నాకు వంటొచ్చా ఏంటి?"

"నాకు లీకులొచ్చా ఏంటి?"

మావిస్ స్లో కుక్కర్ తెచ్చి బల్లమీద పెట్టింది. లోపల బరువైన మట్టిగిన్నె, చుట్టూ సన్నటి కరెంటు వేడి. పొద్దున్న అన్నీ వేసి మూతపెడితే సాయంత్రానికి తనంతట తనే ఉడికిస్తుంది. నిలబడనక్కర్లేదు, కలపనక్కర్లేదు. ఆయాసం మనిషికి అంతకన్నా తేలికైన వంట లేదని ఆమె అనుకుంది.

తేలికైనదే గానీ రిడ్లీ దాన్నీ చెడగొట్టాడు. మొదటి గురువారం మూత తీస్తే సాసేజీలు స్నానంలో నానిన వేళ్ళలా తెల్లగా తేలుతున్నాయి. టర్నిప్ ముక్క కొరికితే కరకరలాడింది.

"సాసేజీలు పెనం మీద ఎర్రగా వేయించకుండా వేశావా?"

"నువ్వు చెప్పలేదు."

"గట్టి దుంపలు అడుగున కదా పెట్టాలి? వేడి అడుగునుంచి వస్తే టర్నిప్ పైన పెడతావా?"

"పైనుంటే చూడ్డానికి బాగుంటుందని."

మావిస్‌కి నవ్వాగలేదు. డాక్టరు దగ్గర్నుంచి వచ్చాక ఆమె నవ్వడం అదే మొదలు. ఇద్దరూ ఆ పచ్చి టర్నిప్ పక్కకి తీసిపెట్టుకుని మిగతాది తినేశారు.

తర్వాతి వారాల్లో గొడవంతా మూత దగ్గరే వచ్చింది. కుక్కర్ మూత ఎత్తిన ప్రతిసారీ లోపలి వేడి పోతుంది, ఉడకడం వెనకబడుతుంది. రిడ్లీకేమో చూడకుండా చెయ్యి ఊరుకోదు.

"రిడ్లీ, మూత తియ్యకు," అని మావిస్ మడిలోంచి అరిచేది.

"తియ్యలేదు."

"మరి నీ కళ్ళజోడుకి ఆవిరెందుకు పట్టింది?"

జులై వచ్చేసరికి అతనికి చెయ్యి తిరిగింది. స్టూలు మీద కూర్చుని సాసేజీలు వేయించేవాడు. అడుగున టర్నిప్, దానిమీద బంగాళాదుంపలు, క్యారెట్లు, ఉల్లిపాయలు, గుప్పెడు బార్లీ, ఆపైన సాసేజీలు, వేడినీళ్ళు, చెంచాడు ఆవపిండి ముద్ద. ఒక గురువారం కూర నోట్లో పెట్టుకోగానే మావిస్ ఆగింది. ఏదో పుల్లగా, తియ్యగా తగిలింది.

"ఇందులో ఏం వేశావు?"

"ఆపిల్. పుల్లటి రకం."

"ఎవరు చెప్పారు?"

"ఎవరు చెప్తారు? నాకే తోచింది."

మావిస్ రెండోసారి వడ్డించుకుంది. ఆ వారమంతా రిడ్లీ కుర్చీలో కాస్త నిటారుగా కూర్చున్నాడు.

మడి సంగతికొస్తే మావిస్ ఒక లెక్క పెట్టుకుంది. రోజూ పొద్దున్న కిటికీ దగ్గర నిలబడి, నీళ్ళెంత, ఎరువెంత, ఏ ఆకు తియ్యాలి అని అడిగేది. అతనెంతంటే అంత. "చేతులు నావి, బుర్ర నీది," అనేది. ఎందుకంటే క్లబ్బు రూలు గట్టిది. లీకులు సభ్యుడు స్వయంగా పెంచినవై ఉండాలి. సెప్టెంబరు మొదట్లో క్లబ్బువాళ్ళు ఇద్దరు ఇంటింటికీ వచ్చి, పోటీకి పెట్టే లీకుల మీద సిరా ముద్ర వేస్తారు. ముద్ర లేని లీకుని బల్ల మీదకి రానివ్వరు. మావిస్ సభ్యురాలు కాదు, ఈ ఏటికి కొత్తవాళ్ళని చేర్చుకోవడం ఈస్టర్ పండగతోనే ఆపేశారు. ముద్ర పడితే రిడ్లీ పేరుతోనే పడాలి. క్లబ్బు కార్యదర్శి క్లెమ్ కుర్రతనంలో రిడ్లీతో పాటు గనిలో దిగినవాడు. ఒకరోజు సందులో ఎదురుపడి, "రిడ్లీ మడి బాగుందా తల్లీ?" అన్నాడు. రిడ్లీ అన్న మాటని నొక్కి మరీ అన్నాడు. తను చూసీ చూడనట్టు పోతానని దాని అర్థం. మావిస్‌కి గుండె తేలికపడింది.

ఆమె రిడ్లీ మాట జవదాటింది ఒక్కసారే. జులై నెలాఖర్లో ఎండలు మండిపోయాయి. గొర్రె పెంటికలు నానబెట్టిన పీపా నీళ్ళు బాగా పొయ్యమన్నాడు రిడ్లీ. మావిస్ మడి దగ్గర నిలబడి చాలాసేపు ఆలోచించింది. ఆకులు వేలాడుతున్నాయి. ఎండదెబ్బ తిన్న మనిషికి విందు పెడితే ఏమవుతుందో వంట మనిషికి ఒకరు చెప్పాలా. పీపా ముట్టుకోలేదు. మామూలు నీళ్ళే పోసి, ముందుగదిలో పల్చటి కర్టెన్ ఊడదీసి మడి మీద నీడకి కట్టింది.

"పీపా నీళ్ళు పోశావా?" అన్నాడు రిడ్లీ సాయంత్రం.

"పోశా," అంది మావిస్. అతను మళ్ళీ అడగలేదు.

సెప్టెంబరు వచ్చింది. మావిస్ చెయ్యి ఆసరా ఇచ్చి అతన్ని మడి దగ్గరికి నడిపించుకెళ్ళింది. వరసలో మధ్యనున్న రెండు లీకులు తెల్లగా, బిగుతుగా, ఒక్క చీలిక లేకుండా ఉన్నాయి. రిడ్లీ ఊపిరి కూడదీసుకుని, "మా నాన్నవి కూడా ఇంత లేవు," అన్నాడు. మావిస్ మొహం పక్కకి తిప్పుకుంది.

ముద్ర వెయ్యడానికి క్లెమ్, అతని జోడీ డగ్గీ గురువారం సాయంత్రం వచ్చారు. వచ్చింది భోజనం వేళకి. కూర వాసన వీధి దాకా ఉంది. కూర్చోమనగానే కూర్చున్నారు. రిడ్లీ కుర్చీలోంచే గరిటె పట్టుకుని వడ్డించాడు.

"మావిస్ తల్లీ, నీ చెయ్యి తగ్గలేదు," అన్నాడు క్లెమ్ రెండో సాసేజీ దగ్గర.

"ఆవిడ చెయ్యి కాదు, నాది," అన్నాడు రిడ్లీ.

డగ్గీ నవ్వాడు. "నీదా? పక్కన నిలబడి ఆవిడ చెప్తే నువ్వు గిన్నెలో పడేసుంటావు."

"చెప్పింది ఆవిడే. వండింది నేను. ఆ ఆపిలైతే ఆవిడ చెప్పను కూడా లేదు."

"సరేలేరా. వండినోడిదే వంట. దాన్ని నీ దగ్గర్నించి ఎవడూ లాక్కోడు," అన్నాడు క్లెమ్. అందరూ నవ్వారు. రిడ్లీ చెంచా మాత్రం నోటిదాకా పోకుండా దారిలో ఆగిపోవడం మావిస్ చూసింది. అతను తిరిగి తినలేదు. ఆమెకి ఎందుకో భయం వేసింది.

తిన్నాక నలుగురూ మడి దగ్గరికి వెళ్ళారు. ఆ రెండు లీకుల్నీ చూసి డగ్గీ టోపీ వెనక్కి నెట్టుకున్నాడు. క్లెమ్ రేకుడబ్బా తెరిచి, ముద్రకి సిరా అద్ది, మోకాళ్ళ మీద కూర్చున్నాడు.

"రూలు కాబట్టి అడుగుతున్నా. ఇవి నువ్వు పెంచినవే కదా?"

మావిస్ రిడ్లీ చెయ్యి పట్టుకునే ఉంది. అవునను అన్నట్టు గట్టిగా నొక్కింది.

"చెప్పింది నేను," అన్నాడు రిడ్లీ. "పెంచింది ఆవిడ."

క్లెమ్ తలెత్తలేదు. "ఒరేయ్, గనిలో నా చెవులు పోయాయని నీకు తెలుసుగా. సరిగ్గా వినపడలేదు. మళ్ళీ అడుగుతా."

"ఆయాసం వస్తే ఏదో ఒకటి అంటాడు," అంది మావిస్ గబగబా. "బుర్ర ఆయనదే క్లెమ్. రోజూ ఆయన చెప్పిందే చేశా."

"చెయ్యలేదు," అన్నాడు రిడ్లీ. "ఎండల్లో పీపా నీళ్ళు పొయ్యమన్నా. పొయ్యలేదు. కర్టెన్ కట్టింది. నాకు కిటికీలోంచి కనపడదా? నా మాట వినుంటే ఇవి అప్పుడే పగిలేవి. ఇన్నేళ్ళూ నేను ఎక్కువ మేపి పగలగొట్టుకున్నా." కాసేపు ఊపిరి కోసం ఆగాడు. "ఆ ఆపిల్ నాదంటే ఇందాక మీరంతా ఒప్పుకున్నారు. మరి ఇవి నావెలా అవుతాయిరా?"

క్లెమ్ జేబురుమాలు తీసి ముద్ర మీది సిరా తుడిచాడు. డబ్బా మూసి, లేచి, మావిస్ ముందు టోపీ తీసి నిలబడ్డాడు. తర్వాత ఇద్దరూ పక్క దారినుంచే వెళ్ళిపోయారు.

రిడ్లీని లోపలికి తెచ్చి కూర్చోబెట్టేదాకా మావిస్ ఓర్చుకుంది. ఆ తర్వాత ఆగలేదు.

"నోరు మూసుకునుంటే నీ సొమ్మేం పోయింది? క్లెమ్‌ నిలదీశాడా, డగ్గీ నిలదీశాడా? వేసవంతా ఎందుకు నడుం విరగ్గొట్టుకున్నాననుకున్నావు? నీ పేరు ఆ పలక మీద చూద్దామనేగా. ఇంకో ఏడాదికి..." కుర్చీలో కూలబడి ఏడ్చేసింది.

"డాక్టరు ఏం చెప్పాడో నాకు తెలుసు," అన్నాడు రిడ్లీ. "ఆ రోజు నీ మొహంలోనే కనపడింది."

మావిస్ ఏడుపు ఆపి అతనికేసి చూసింది.

"అవునంటే నా పేరు రాస్తారు. బంగారంతోనే రాస్తారు. నేను పోయాక ఆ క్లబ్బులో కూర్చుని దాన్ని చూడాల్సింది నువ్వు. నీ కష్టానికి నా పేరుంటుంది, నువ్వు దాన్ని చూస్తూ టీ తాగాలి. నాకిష్టం లేదే."

మావిస్‌కి అతని మీద కోపం తగ్గలేదు గానీ, అతన్ని వదిలి ఉండాల్సి వస్తుందన్న దిగులు ఆ కోపాన్ని కూడా పక్కకి తోసేసింది. లేచి, అతని భుజం మీద కాసేపు చెయ్యి వేసి ఉంచి, పెరటి తలుపు తీసుకుని బయటికి నడిచింది.

వారం నుంచి వాన లేదు. ఆ లీకుల్ని ఇక ఎవరూ కొలవరు, ఎవరూ నల్లగుడ్డ మీద పడుకోబెట్టరు. మావిస్ నీళ్ళ క్యాను నింపుకుంది. కిటికీలో రిడ్లీ కూర్చునే ఉన్నాడు, అలవాటు కొద్దీ చెప్పడానికి నోరు తెరిచాడు కూడా. ఆమె అటు తిరగలేదు. ఎంత పొయ్యాలో ఆమెకి తెలుసు.